ఆరో సూది

పొడుగాటి పట్టకారతో జీవరత్నం సూదుల్ని ఒక్కొక్కటిగా ఉప్పునీళ్ళ పళ్ళెంలోకి వదిలింది. మార్కాపురం మిషనాసుపత్రికి రేడియం వచ్చిన తొమ్మిదేళ్ళ నుంచీ ఆ పని ఈ ముసలి ఆయాదే. బోలు సూదుల్లో చిటికెడు ఉప్పులా ఉంటుందట. పదహారు వందల ఏళ్ళకుగానీ సగం తరగదట. దాని కిరణాలు గర్భసంచిలో రాచపుండును మాడుస్తాయని డాక్టరమ్మ చెప్పింది. ఆ కిరణాలకే జీవరత్నం వేళ్ళు పొట్టులేచి, కొసలకు స్పర్శ పోయింది. ఈ మధ్య ఒంట్లో రక్తం లేదు. రెండు మెట్లెక్కినా ఆయాసం.

"అయిదే ఉండాయి డాక్టరమ్మా."

పుల్లలచెరువు నుంచి ఆ పుండుతో వచ్చిన రాఘవమ్మకు పెట్టినవి ఆరు. ఆమె కట్టు విప్పి తీసిన దూది అప్పుడే కాల్చే గుంటకు పోయింది; ఆరోది అందులోనే చిక్కి ఉండాలి. మంటల్లో సూది పగిలితే రేడియం పొగలో కలిసిపోతుంది. జీవరత్నం రొప్పుకుంటూ ఉరికి, రాజుకుంటున్న గుంటలో కడవెడు నీళ్ళు గుమ్మరించింది.

డాక్టరమ్మ గాజుబుడ్డి తెచ్చింది. అందులో ఎడంగా నిలిచిన రెండు బంగారు రేకులు రేడియం దగ్గరికొస్తే వాలిపోతాయి. మూడో దూదిముద్ద దగ్గర వాలాయి. జీవరత్నం వంగి వేళ్ళతో విప్పి, సూదిని బయటికి తీసింది.

"చేత్తో ఎందుకు తీశావు?"

"పట్టకారకు చిక్కలేదమ్మా. ఇది పోతే రేపు దోర్నాల నుంచి వచ్చే పిల్లకు ఏం పెడతారు?"

మధ్యాహ్నం రాఘవమ్మకు ఊరి బండి వచ్చింది. మొదటిరోజు జీవరత్నం చేతి నీళ్ళు వద్దని మొహం తిప్పుకున్న మనిషి, ఇప్పుడు ఆ చేతినే పట్టుకుంది.

"ఏందక్కా ఈ వేళ్ళు? నా కోసం ఇట్లయినాయా?"

"నీకంటే ముందు శానామంది ఉండారులే తల్లీ. పో, పిల్లోళ్ళు ఎదురుచూస్తుంటారు."

రాఘవమ్మ రెండు సీతాఫలాలు ఆమె కొంగులో పెట్టింది. "మా చేలోవి. ఒకటి మగ్గింది, ఈ పూటే తిను."

బండి కదిలాక జీవరత్నం వరండా మెట్టు మీద కూర్చుంది. ఏది మగ్గిందో వేళ్ళకు తెలియలేదు. రెండింటినీ వాసన చూసి నవ్వుకుంది.

ఎండ వాలాక డాక్టరమ్మ ఆ చేతికి మందు రాద్దామని వచ్చింది. జీవరత్నం స్తంభానికి తల ఆనించి కళ్ళు మూసుకుని ఉంది. ఆయాసం లేదు. డాక్టరమ్మ పక్కనే కూర్చుని, చల్లబడిన ఆ వేళ్ళను తన రెండు చేతుల్లో చాలాసేపు ఉంచుకుంది.

మెట్టు మీద గింజలన్నీ ఓ ఆకులో పోగేసి ఉన్నాయి. పక్కనే, విప్పిన సీతాఫలంలో మిగిలిన సగం, తెల్లగా, తడిగా.