పాలియేటివ్ సూది

నాకు కోపం ముక్కు మీదే ఉంటుందని చిట్కుల్‌లో చిన్నప్పటి నుంచీ పేరు. ఉంటే ఉండనీ. మా ఇంట్లో జరిగింది విన్నాక, కోపం రాకుండా ఎలా ఉండాలో మీరే నేర్పండి.

పందొమ్మిది వందల డెబ్బయ్యారులో మా పొలం మందుల ఫ్యాక్టరీ కింద పోయింది. ఇస్నాపూర్ దిక్కున ఉన్న జొన్న చేను, దాని పక్క వరి మడి, అంతా సర్కారు తీసుకుంది. భూమి పోయిన ప్రతి ఇంటికీ ఒక నౌకరి ఇస్తామని ఫ్యాక్టరీ వాళ్ళు ఊరందరినీ కూర్చోబెట్టి చెప్పారు. మగపిల్లవాడైనా, ఆడపిల్లయినా సరే, పట్టాదారు ఎవరి పేరు చెబితే వాళ్ళకే. మాత్రలు డబ్బాల్లో సర్దే పనికి పది చదివిన ఆడపిల్లలు కావాలని కూడా అన్నారు. ఊళ్ళో పది పాసైన ఆడపిల్లను నేనొక్కదాన్నే. పట్టా మా నాయన సత్తయ్య పేరు మీదే ఉంది. ఇంకేం అడ్డు?

నాకు ఊహ తెలియకముందే అమ్మ పోయింది. నాయన, నేను, మా చిన్నాయన నర్సన్న, చిన్నమ్మ, వాళ్ళ కొడుకు చిన్నరాములు, అందరిదీ ఒకటే ఇల్లు, ఒకటే పొయ్యి. చిన్నరాములు నాకంటే రెండేళ్ళు పెద్ద. తొమ్మిదిలోనే బడి మానేసి పటాన్‌చెరు హోటళ్ళ ముందు ముచ్చట్లు చెప్పుకుంటూ తిరిగేవాడు. మనిషి మంచివాడే, పని పేరు చెబితేనే జ్వరం వస్తుంది వాడికి.

చేనులో ఆఖరి పంట కోసిన రోజు నాయన గట్టు మీద కూర్చుని నన్ను దగ్గరికి పిలిచాడు. నౌకరి నాకేనని చెప్పాడు.

"భూమి నా చేతులకెల్లి పోయింది బిడ్డా. గా నౌకరన్న నీ చేతుల ఉండాలె."

ఆ మాట విని నేను ఎగిరి గంతేశాను. నా జీతం, నా పెట్టె, నా తాళంచెవి. చిన్నమ్మ ముఖం చూసి అన్నం తినాల్సిన పని ఉండదు. పగటి కలలకు అడ్డేముంది, కన్నాను.

ఆ తర్వాతే నాయనకు కడుపునొప్పి మొదలైంది. తిన్నది తిన్నట్టు బయటికి వచ్చేది. మనిషి చూస్తుండగానే సగమయ్యాడు. సంగారెడ్డి డాక్టరు చేత్తో నొక్కి చూసి పట్నం తీసుకుపొమ్మన్నాడు. మా ముందు గదుల్లో సూర్యప్రకాశరావు గారని కోస్తా నుంచి వచ్చిన ఆయన కిరాయికి ఉండేవారు. రామచంద్రాపురం ప్లాంటులో ఉద్యోగం, క్వార్టరు దొరక్క మా ఊళ్ళో ఉన్నారు. ఆయనకు ఇంగ్లీషు వచ్చు కనుక నాయన వెంట చిన్నాయనా, ఆయనా వెళ్ళారు. నన్ను ఇంట్లోనే ఉండమన్నారు.

సాయంత్రం ముగ్గురూ తిరిగి వచ్చాక నేను రావు గారిని పట్టుకున్నాను. కడుపులో క్యాన్సర్ గడ్డ ఉందనీ, వారానికొక సూది ఇస్తారనీ, దాన్ని పాలియేటివ్ కీమోథెరపీ అంటారనీ చెప్పారు. పాలియేటివ్ అంటే ఏమిటని అడిగాను. పదో తరగతి చదివాను గదా, తెలియని మాట కనిపిస్తే అడగకుండా ఉండలేను. ఆయన కండువాతో ముఖం తుడుచుకుని, రోగాన్ని బట్టి ఎంచి ఇచ్చే మందమ్మా, తగ్గుతుంది, నువ్వు దిగులు పెట్టుకోకు అన్నారు. పెద్దమనిషి అన్న మాట కదా, నమ్మేశాను.

నమ్మడమేనా, ఊరంతా చాటాను. బావి దగ్గర ఎవరు అడిగినా, మా నాయనకు పాలియేటివ్ మందు ఇస్తున్నారని గొప్పగా చెప్పేదాన్ని. మామూలు మందు కాదని కూడా నా సొంతంగా కలిపేదాన్ని. తలచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది.

నౌకరికి పేరు చెప్పే గడువు దగ్గరపడింది. అప్పుడు నాయన ఇంకో మాట తెచ్చాడు. ముందు తన పేరే చెబుతాడట. సూదులు పూర్తయి ఒళ్ళు బాగుపడగానే తను ఎక్కి నాలుగు నెలలు చేసి, తర్వాత నా పేరు మీదికి మార్పిస్తాడట. పెద్దవాడు ఉండగా పిల్లకు ఇస్తే ఊళ్ళో నవ్వుతారట. నాకు కొంచెం కష్టమనిపించింది. అయినా తగ్గే రోగమే కదా, నాయన కోరిక ఎందుకు కాదనాలి? సరేనన్నాను. నాయనా, చిన్నాయనా ఎడ్లబండి కట్టుకుని ఫ్యాక్టరీ ఆఫీసుకు పోయి పేరు చెప్పి వచ్చారు. వచ్చాక నాయన నా ముఖం చూడకుండా నీళ్ళు అడిగి తాగి పడుకున్నాడు. ఎండలో తిరిగి అలసిపోయాడనుకున్నాను.

ఇక ప్రతి వారం పట్నం ప్రయాణం. చిన్నాయన, నేను చెరోపక్క పట్టుకుని నాయనను బస్సెక్కించేవాళ్ళం. డాక్టరు గదిలోకి మాత్రం చిన్నాయనే పోయేవాడు. సూది పడిన రెండో రోజు నుంచీ నాయన నోరంతా పుండ్లు. జొన్న గట్కలో ఇంత మజ్జిగ పోసి, పలచగా చేసి, చల్లార్చి నేనే తాగించేదాన్ని. తాగింది నిలిచేది కాదు. నేను ఏడుపు ఆపుకుని ముఖం తుడుస్తుంటే నాయన నా చెయ్యి పట్టుకుని, "మందు పనిజేస్తుంది బిడ్డా, అందుకే గిట్లయితుంది" అనేవాడు. నిజమేననుకుని నేనే ఆయనకు ధైర్యం చెప్పేదాన్ని. డ్యూటీకి ఎక్కాక టిఫిను డబ్బా నేనే తెచ్చిస్తానని చెప్పేదాన్ని. నాయన నవ్వేవాడు. ఏం నవ్వో అది.

ఒక వారం చిన్నాయన రాలేదు. ఇంటి దగ్గర పని ఉందన్నాడు. సూది అయ్యాక నేనే డాక్టరు గదిలోకి పోయాను. ఇంకా ఎన్ని సూదులు పడాలి, మా నాయన నౌకరికి ఎప్పుడు ఎక్కవచ్చు అని అడిగాను. డాక్టరు రాసేది ఆపి నన్ను చూశాడు. మీ వాళ్ళు నీకేం చెప్పలేదా అన్నాడు. పాలియేటివ్ మందు ఇస్తున్నారు, తగ్గుతుందని చెప్పారన్నాను. ఆయన నన్ను కూర్చోమన్నాడు.

"పాలియేటివ్ అంటే రోగాన్ని పోగొట్టేది కాదమ్మా. బాధ తగ్గించేది. ఉన్నన్నాళ్ళు మనిషిని కాస్త సుఖంగా ఉంచడానికి ఇస్తాం. నయం చేయగలిగితే ఆ మాటే వాడం."

ఎవరికి చెప్పారు ఈ సంగతి అని అడిగాను. వెంట వచ్చిన పెద్దమనుషులిద్దరికీ మొదటి రోజే చెప్పానన్నాడు. చిన్నాయన, రావు గారు. తెలిసి దాచారు. నన్నే కాదు, మా నాయననూ మోసం చేశారు.

బస్సులో నాయన నా భుజం మీద తల పెట్టి నిద్రపోయాడు. పాపం, ఆయనకు ఏమీ తెలియదనుకున్నాను. తెలిస్తే ఆ నిమిషమే గుండె ఆగుతుందేమోనని భయం. పళ్ళ బిగువున ఏడుపు ఆపుకున్నాను. దాచినవాళ్ళను తిట్టుకుంటూ, నేనూ నాయన దగ్గర అదే దాచుకుంటూ ఊరు చేరాను.

వాకిట్లో అడుగుపెడితే ఏముంది? చిన్నరాములు ఖాకీ షర్టు, ఖాకీ ప్యాంటు వేసుకుని నిలబడి ఉన్నాడు. చిన్నమ్మ వాడి బుగ్గన చుక్క పెడుతోంది. మరుసటి రోజు నుంచి మందుల ఫ్యాక్టరీలో డ్యూటీ అట. చిన్నాయనకు ఉన్న పని ఇదన్నమాట. నాయనను తెచ్చి అరుగు మీద మంచంలో పడుకోబెట్టాను. వాడు వచ్చి నాయన కాళ్ళు మొక్కాడు. నాయన వాడి తల మీద చెయ్యి పెట్టాడు. అది చూశాక నాలో మిగిలిన ఓపిక అడుగంటింది.

చిన్నాయనను నడి వాకిట్లో నిలబెట్టి కడిగేశాను. అన్న చచ్చిపోతాడని డాక్టరు చెబితే దాచి, సందు చూసి నౌకరి కొడుక్కి రాయించుకున్నావా అన్నాను. నమ్మించి గొంతు కోశావన్నాను. ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడు, నేను పడతాను, రేపే ఆఫీసుకు పోయి అందరి ముందూ చెబుతానన్నాను. నాయన వింటున్నాడన్న సంగతే మరిచిపోయాను. చుట్టుపక్కల వాళ్ళు గోడల మీది నుంచి తొంగి చూశారు. చూడనీ. చిన్నాయన తల వంచుకుని నిలబడ్డాడు. అది చూసి నాకు ఇంకా పిచ్చెక్కింది.

అప్పుడు ముందు గది తలుపు తీసుకుని రావు గారు వచ్చారు.

"నర్సన్నను అనకమ్మా. ఆ రోజు వెనక్కి వస్తూ మీ నాన్నగారికి ఉన్నదున్నట్టు నేనే చెప్పాను. నీకు చెప్పొద్దని ఆయన నా చేత ఒట్టు వేయించుకున్నారు."

మరి నౌకరి పేరో అని అడిగాను. చిన్నాయన మంచం దిక్కు చూపి, "పేరు గూడ అన్ననే జెప్పిండు. ఆయిన్నే అడుగు" అన్నాడు.

అందరూ ఎటు వాళ్ళటు జరిగారు. నేను మంచం పక్కన కూర్చున్నాను. నాయన కళ్ళు మూసుకుని ఉన్నాడు, నిద్ర మాత్రం కాదు. నిజమేనా అని అడిగాను. నిజమేనన్నాడు. ఎందుకని నేను అడగకముందే తనే చెప్పుకొచ్చాడు. తను పోతే నాకు దిక్కెవరు? ఒంటరి ఆడపిల్లను ఊరు బతకనిస్తుందా? నౌకరి చిన్నరాములుకు పోతే నర్సన్న రుణపడి ఉంటాడు, నన్ను ఇంట్లో పెట్టుకుని పెళ్ళి చేస్తాడు. నాకు నౌకరి ఇస్తే వాళ్ళు నన్ను బయటికి నెడతారు. ఇదీ ఆయన లెక్క.

"మరి నాకెందుకు దాచినవ్ నాయినా?"

"నేను పోతున్ననని ఎర్కయితే నువ్వు ఆగుతవా? ఆఫీసుల కూసొని నీ పేరు రాయించుకొనే వస్తవు. నీ సంగతి నాకెర్కలేదా."

నిజమే. సరిగ్గా అలాగే చేసేదాన్ని. నన్ను అంత బాగా ఎరిగిన మనిషి, ఆ ఎరిగిందంతా నన్ను కట్టిపడేయడానికే వాడుకున్నాడు. తగ్గుతుంది తగ్గుతుందని గడువు దాటించాడు. మందు పని చేస్తోందని అన్నప్పుడల్లా నేను మొక్కుకున్నాను. నా చేతి గట్క తాగుతూనే, నాకు రాని నౌకరి మీద నన్ను ఆశ పెట్టుకోనిచ్చాడు. పరాయివాడు చేస్తే మోసమని తిట్టి ఊరుకునేదాన్ని. నాయన చేస్తే ఏమని తిట్టాలి?

"నౌకరి ఆళ్ళకిచ్చి నన్ను ఆళ్ళింట్ల కిరాయికి పెట్టినవా నాయినా?"

ఆయన కళ్ళ నుంచి నీళ్ళు కారాయి. నేను తుడవలేదు. లేచి లోపలికి పోయాను.

ఆఫీసుకు పోయాను, పోకుండా ఉంటానా? పట్టాదారే స్వయంగా వచ్చి చెప్పిన పేరమ్మా, మేమేం చేస్తామని పంపేశారు.

మళ్ళీ సూది రోజు వచ్చింది. చిన్నరాములు డ్యూటీలో ఉన్నాడు, కొత్త నౌకరి, సెలవు అడగకూడదట. చిన్నాయన నా ముందుకు రావడానికే జంకి పొద్దున్నే ఎటో పోయాడు. నాయన తువ్వాలు భుజాన వేసుకుని, గోడకు ఆనుకుని అరుగు మీద కూర్చున్నాడు. రమ్మని నన్ను పిలవలేదు. నేను వాకిలి ఊడ్చాను, ఊడ్చిందే మళ్ళీ ఊడ్చాను. రోడ్డు మీద బస్సు హారను వినిపించింది. నాయన నా దిక్కు చూశాడు. ఆ బస్సును పోనిచ్చాను.

ఆ తర్వాత బస్సుకు తీసుకుపోయాను. నొప్పితో ఆయన పళ్ళు కొరుక్కోవడం చూస్తూ ఎంతసేపని ఊడుస్తాను? మెట్టు ఎక్కలేకపోతే నడుము పట్టి ఎత్తాను, పసిపిల్లవాడంత బరువు కూడా లేడు. కిటికీ పక్కన కూర్చోబెట్టాను. పటాన్‌చెరు దాటాక నాయన మెల్లగా నా చెయ్యి పట్టుకున్నాడు.

"రంది పడకు బిడ్డా. ఆళ్ళు నిన్ను మంచిగనే సూస్కుంటరు."

"సూస్కుంటరో లేదో సూసేటందుకు నువ్వుంటవా నాయినా?"

నాయన ఆసుపత్రి దాకా నా చెయ్యి వదల్లేదు. నేను విడిపించుకోలేదు, తిరిగి పట్టుకోనూ లేదు.