ఏ చేతికైనా సరిపోయే ఒర

పెద్ద వరద వచ్చిపోయిన రెండో వసంతంలో జరిగింది ఇది. మా లోయలో సంవత్సరాన్ని అంకెల్లో ఎవరూ చెప్పరు. వరదకి ముందు, వరదకి తరవాత, అంతే. ఆ నవంబరులో ఏరు నేను తోలు ఒరలు కుట్టే కొట్టులోకి గడ్డం లోతున వచ్చింది. తోళ్ళన్నీ పోయాయి. ఒక్కో రకం పిస్తోలుకి ఒక్కటి చొప్పున నలభై ఏళ్ళుగా చెక్కిపెట్టుకున్న చెక్క అచ్చులు పెట్టెతో సహా కొట్టుకుపోయాయి. కుట్టుబల్ల గోడకి బిగించి ఉండబట్టి మిగిలింది.

నా బావమరిది ఆర్లీ కుడిభుజం కూడా ఆ వరదలోనే పోయింది. పక్కింటి ముసలమ్మని పడవలోకి ఎక్కిస్తుంటే కొట్టుకొచ్చిన దూలం తగిలింది. ఎముక అతికింది కాని, చెయ్యి ఛాతీ దాటి పైకి లేవదు, వెనక్కి అసలు పోదు. ఆర్లీ కౌంటీ కోర్టులో షెరీఫ్ కింద డిప్యూటీ. జడ్జి కూర్చున్నంతసేపూ నడుముకి పిస్తోలు పెట్టుకుని తలుపు దగ్గర నిలబడటం అతని పని. పింఛనుకి ఇంకా పధ్నాలుగు నెలలుంది. ఏటా ఏప్రిల్లో గురి పరీక్ష పెడతారు. అది తప్పితే ఉద్యోగమూ లేదు, పింఛనూ లేదు. కిందటేడు చెయ్యి కట్టులో ఉందని వదిలేశారు. ఈసారి వదలరు.

సోమవారం సాయంత్రం కాగితం సంచి ఒకటి పట్టుకుని వచ్చాడు.

"బావా, కోప్పడనంటే ఒకటి చూపిస్తా."

"కోప్పడతాను. చూపించు."

నల్లటి నైలాన్ గుడ్డతో కుట్టిన వస్తువు తీసి బల్లమీద పెట్టాడు.

"ఏమిట్రా ఇది?"

"ఒర."

"దూడ మూతికి కట్టే చిక్కంలా ఉంది."

"ఇనప సామాన్ల కొట్లో కొన్నా. నీ ఒర ధరలో ఆరోవంతు. కుడిపక్కా పెట్టుకోవచ్చు, ఎడంపక్కా పెట్టుకోవచ్చు. ఏ చేతికైనా సరిపోతుందని అట్టమీద రాసుంది."

"అట్ట ఏదీ?"

"పొయ్యిలో వేశా."

ఇరవై రెండేళ్ళ కిందట అతని కుడిచేతి ఒర కుట్టింది నేను. ఎడమచేతి ఒర కావాల్సివచ్చేసరికి నన్ను అడగకుండా కొట్టుకి వెళ్ళాడు. 

"నన్ను అడగొచ్చుగా," అన్నాను.

"అడిగితే ఎన్నాళ్ళు పడుతుంది?"

తోలు తెప్పించాలి. అచ్చు కొత్తగా చెక్కాలి. తోలు తడిపి, అచ్చుమీద బిగించి, నీడలో ఆరబెట్టాలి. "మూడు వారాలు," అన్నాను.

"పరీక్ష శుక్రవారం బావా."

గుడ్డ ఒరని నా వైపు లాక్కున్నాను.

"షెరీఫ్ ఏమన్నాడు?"

"ఎడంచేత్తో కాల్చుకో, నాకేం అభ్యంతరం లేదన్నాడు. ఈ గుడ్డ ఒర చూసి మాత్రం మొహం అదోలా పెట్టాడు. 'డెంజిల్ గారు చూసి, పనికొస్తుందని తన నోటితో చెబితే ఒప్పుకుంటా, లేకపోతే లేదు' అన్నాడు."

"నా నోటితోనా?"

"ఏడాదికి పది మాటలొచ్చే నోరు. అందులో ఒకటి నాకివ్వు బావా."

పరీక్షిస్తానని ఒప్పుకున్నాను. అది పనికిరాదని తేలితే బాగుండునని నాలో ఒక మూల లేకపోలేదు. కాని ఆర్లీ ఉద్యోగం మీదకి వస్తుంది కనుక ఆ మూల నోరు మూసి పెట్టాను.

మంగళవారం పొద్దున్న ఆర్లీ పిస్తోలు తెచ్చి, గుళ్ళు పెట్టే చక్రం తెరిచి, ఆరు గదులూ ఖాళీ అని చూపించాడు. నేను చూశాను. అతనూ చూశాడు. ఇద్దరం ఇంకోసారి చూశాం. ఆ తరవాతే పని మొదలుపెట్టాం.

ఒరలో పిస్తోలు పెట్టి, పైనుంచి పట్టీ వేసి, టిచ్ బటన్ నొక్కి, తలకిందులుగా పట్టుకుని దులిపాను. జారలేదు. పిస్తోలు తీసేసి ఒరని వాననీళ్ళ పీపాలో ముంచి గంటసేపు ఉంచాను. విదిలించి కంచెమీద వేస్తే మధ్యాహ్నానికి ఆరిపోయింది. నా తోలు అయితే రెండు రోజులు పట్టేది, ఆరాక బిరుసెక్కేది. ఏటి బురద పూశాను. ఎండాక తడితే పొడిలా రాలిపోయింది.

"ఇంకేం చేస్తావు? ఉడకబెడతావా?" అన్నాడు ఆర్లీ.

"ట్రక్కు ఎక్కి దూకు."

"నాకు అరవై ఏళ్ళు."

"నాకు డెబ్బై ఒకటి. నువ్వే దూకాలి."

దూకాడు. మూడోసారి దూకేసరికి ఒర నడుము చుట్టూ తిరిగి వెనక్కి పోయింది. దాని వెనక బెల్టు దూర్చే గుడ్డ కంత రెండు బెల్టులు పట్టేంత వెడల్పు. ఆర్లీది ప్యాంటుకి పెట్టుకునే సన్న బెల్టు. లోపలికి వెళ్ళి, నేను పెట్టుకునే రెండు పొరల తోలు బెల్టు తెచ్చి ఇచ్చాను. అది గట్టిది, వెడల్పుది. మళ్ళీ దూకితే ఒర కదల్లేదు. మంచి ఒర అని జనం మెచ్చుకునేదాంట్లో సగం బెల్టు గొప్పే.

మంగళవారానికి దానిమీద నాకు కోపం తగ్గింది. బుధవారం అసలు చిక్కు వచ్చింది.

పరీక్షలో ఈల వేయగానే పిస్తోలు తీసి రెండుసార్లు కాల్చాలి. దానికి అయిదు సెకన్లు ఇస్తారు. ఆర్లీకి టిచ్ బటన్ ఊడదీయడానికే ఆరు పట్టింది. నేను గడియారం పట్టుకుని నిలబడ్డాను. ఆరు. ఏడు. ఆరు. ఒకసారి తొమ్మిది. నుదుటిమీద చెమట పట్టింది. చివరికి బోర్లించిన బకెట్టుమీద కూలబడ్డాడు.

"ఒరది కాదు బావా తప్పు, చేతిది. అరవై ఏళ్ళొచ్చినా చెంచా కూడా పట్టని చెయ్యి ఇది. నాలుగు రోజుల్లో ఏం నేర్చుకుంటుంది?"

నాకూ అలాగే అనిపించింది.

నా భార్య ఓపల్ మెట్లమీద కూర్చుని అడవి ఉల్లి కడుగుతోంది. ఓపల్ ఆర్లీకి అక్క. పుట్టుకతో ఎడమచేతి మనిషి. చేతులు గౌనుకి తుడుచుకుంటూ లేచి వచ్చింది.

"ఇలా తే దాన్ని."

"నీకెందుకే?" అన్నాను.

"తే అంటే తే."

బెల్టు నడుముకి బిగించుకుని, ఎడమచెయ్యి పిస్తోలు పిడిమీద వేసింది. బొటనవేలు ఒకసారి ఆడించి నవ్వింది.

"ఈ బటన్ మీ కుడిచేతోళ్ళది."

"అంటే?" అన్నాడు ఆర్లీ.

"నా కత్తెర లాంటిదేరా, కుడిచేతికే చేసింది. ఎడంచేత్తో పిడి పడితే బొటనవేలు నడుమువైపు పడుతుంది. బటనేమో బయటివైపుంది. బొటనవేలు గాల్లో ఊగుతుంటే నువ్వు తక్కిన వేళ్ళు వంచి గోక్కుంటున్నావు. ఒర ఎడమకి మారింది, బటన్ మారలేదు. ఇది తెలియడానికి ఇద్దరు మగాళ్ళకి మూడు రోజులా?"

"రెండే అక్కా," అన్నాడు ఆర్లీ.

ఒర విప్పించి వెలుతురులో పెట్టి చూశాను. నలభై ఏళ్ళు కుడిచేతికే కుట్టాను. ఎడమచేతి వాళ్ళకి కుట్టినవి వేళ్ళమీద లెక్క. బటన్ ఎక్కడ కుట్టి ఉంటే ఇక అక్కడే ఉంటుందనుకున్నాను. బటన్ లేని రెండో అంచు లోపల సన్నటి కంత ఒకటి కనిపించింది. దాని చుట్టూ నాలుగు పక్కలా దిట్టమైన కుట్టు. అందులో ఏమీ లేదు. ఏమీ పట్టని చోట కుట్టుపనివాడు దారం వృథా చేయడు. తోలుకి చిల్లులు పొడిచే ఆరె తెచ్చి దూర్చాను. అవతలికి వచ్చింది. బటన్ పట్టీ పట్టి లాగితే బరబరమని ఊడింది. అది కుట్టింది కాదు, కింద గరుకు పట్టీతో అంటించింది. దాన్ని తీసి, తిప్పి, ఈ కంతలోంచి పోనిచ్చి మళ్ళీ అంటించాను.

ఆర్లీ లేచి నిలబడ్డాడు. నేను ఈల వేశాను. బొటనవేలు తగలగానే బటన్ టప్పున ఊడింది. మూడు సెకన్లు.

"ఇది కూడా ఆ అట్టమీద రాసే ఉంటుంది," అన్నాను.

"అట్ట బాగా మండింది బావా," అన్నాడు.

"చదవడం వచ్చినోడు చదవకుండా తగలేశాడు. కుట్టడం వచ్చినోడు కుట్టు చూడకుండా దూకించాడు. మీ ఇద్దరికీ ఒకే ఒర చాలు," అని ఓపల్ మళ్ళీ ఉల్లి దగ్గరికి వెళ్ళింది.

గురువారం ఆర్లీ ఈల పాట పాడుకుంటూ వచ్చాడు. అరగంటలో ఆ పాట ఆగిపోయింది.

తీయడం ఒక ఎత్తు, తిరిగి పెట్టడం ఇంకో ఎత్తు. పరీక్షలో కిందికి చూడకుండా పిస్తోలుని ఒరలో పెట్టాలి. గుడ్డ ఒర మెత్తన. పిస్తోలు బయటికి రాగానే మూతి రెండు పెదవుల్లా మూసుకుపోతుంది. అందరూ రెండో చేత్తో మూతి తెరిచి పట్టుకుంటారు. ఆర్లీ కుడిచెయ్యి అక్కడిదాకా రాదు. గుడ్డ అంచుని పిస్తోలు మొనతో పొడుస్తుంటే మొన అతని తుంటివైపే తిరుగుతోంది. ఖాళీ పిస్తోలే అయినా నాకు చూడబుద్ధి కాలేదు.

ఆర్లీ నా మొహం చూశాడు.

"చెప్పెయ్ బావా. పనికిరాదంతే కదా?"

షెరీఫ్ అడిగితే అబద్ధం చెప్పను. అది ఆర్లీకీ తెలుసు.

"ఆగు," అని కొట్టులోకి వెళ్ళాను.

దూలానికి వేలాడుతూ ఒక గుర్రపు జీను పట్టీ ఉంది. వరద అంత ఎత్తు రాలేదు. అందులోంచి రెండు వేళ్ళ వెడల్పున ముక్క కోసి, వేడినీళ్ళలో నానబెట్టి, మురబ్బా సీసా చుట్టూ వంచి పొయ్యి పక్కన పెట్టాను. మధ్యాహ్నానికి ఆ వంపు నిలిచింది. దాన్ని ఒర మూతి లోపల పెట్టి మైనం పట్టించిన దారంతో కుట్టాను. నైలాన్ కుట్టడం నాకది మొదటిసారి. తోలు ఆరెని పట్టుకుంటుంది, ఈ గుడ్డ జారవిడుస్తుంది. ఒక కుట్టు పడాల్సినచోట రెండు వేశాను. ఆర్లీ ఎదురుగా కూర్చుని దీపం పట్టుకునే పని కూడా లేక గోళ్ళు కొరుక్కున్నాడు.

పూర్తయ్యాక మూతి తెరుచుకునే ఉంది. నొక్కి వదిలితే మళ్ళీ తెరుచుకుంది. ఆర్లీ కళ్ళు కొండమీద పెట్టి ముప్పైసార్లు తీశాడు, ముప్పైసార్లు పెట్టాడు. ఒక్కసారి కూడా తప్పలేదు.

శుక్రవారం పాత రాళ్ళ గని దగ్గర పరీక్ష. షెరీఫ్ హెవెనర్ నలభై ఏళ్ళ మనిషి, మాట మెత్తన, పట్టు గట్టి. ఆర్లీని పలకరించి నేరుగా నా దగ్గరికి వచ్చాడు.

"చెప్పండి డెంజిల్ గారూ."

దారి పొడుగునా కూడబలుక్కున్నది చెప్పాను. "నీళ్ళకి మంచిది. బురదకి మంచిది. పిస్తోలు జారదు. ఎడమకి పెట్టుకుంటే పట్టీ కూడా మార్చుకోవాలి. గట్టి బెల్టు కావాలి. మూతి చెడ్డది. మూతి నేను కుట్టాను."

"మీరింత మాట్లాడటం నేనెప్పుడూ వినలేదు." నవ్వి, వెంటనే అడిగాడు. "కొట్లో అమ్మేదాన్ని ఉన్నదున్నట్టుగా వాడితే?"

"ఒంటిచేతి మనిషికి వద్దంటాను."

"ఇది?"

"ఇది పనికొస్తుంది."

షెరీఫ్ బొటనవేలితో మూతి నొక్కాడు, వదిలాడు. కుట్టు మీద గోరుతో గీశాడు. "వెళ్ళి నిలబడు ఆర్లీ," అన్నాడు.

యాభైకి ముప్పై అయిదు తగలాలి. మొదటి రెండు గుళ్ళూ గురి అట్టకే తగల్లేదు. మూడోదాని నుంచి చెయ్యి కుదురుకుంది. బటన్ టప్పుమంటుంది, రెండు చప్పుళ్ళు వినిపిస్తాయి, పిస్తోలు మళ్ళీ ఒరలోకి పోతుంది. అతను ఒక్కసారి కూడా కిందికి చూడలేదు. షెరీఫ్ అట్టలో పడ్డ కంతలు రెండుసార్లు లెక్కపెట్టాడు.

"ముప్పై ఎనిమిది. వరదకి ముందు కుడిచేత్తో ముప్పై ఏడేగా నువ్వు కాల్చింది?"

"అది బద్ధకం చెయ్యి సార్," అన్నాడు ఆర్లీ. నా దగ్గరికి వచ్చి ఎడమచేత్తో నా టోపీ కళ్ళమీదకి లాగాడు.

ఆ పూట మా ఇంట్లో చిక్కుళ్ళు, మొక్కజొన్న రొట్టె, బంగాళాదుంపలతో వేయించిన అడవి ఉల్లి. ఆర్లీ మూడుసార్లు వడ్డించుకున్నాడు.

"రోజుల తరబడి పోని ఈ ఉల్లి కంపుకి సోమవారం కోర్టులో నీ పక్కన ఎవరు నిలబడతార్రా?" అంది ఓపల్.

"దొంగలు తొందరగా ఒప్పేసుకుంటారక్కా."

మర్నాడు పొద్దున్నే నేను ఇనప సామాన్ల కొట్టుకి వెళ్ళి అలాంటి ఒరే ఇంకొకటి కొన్నాను. కుట్టుబల్ల దగ్గర కూర్చుని, ఎలా కుట్టారో చూద్దామని బ్లేడు తీసుకుని ఒక్కో కుట్టే విప్పాను. లాగుడు పడేచోట వాళ్ళ మిషను ముందుకీ వెనక్కీ ఇరవైసార్లు నడిచింది. అది నాకు నచ్చింది. ఓపల్ కాఫీ తెచ్చి పెట్టింది. తాగి, రెండో అంచు విప్పడం మొదలుపెట్టాను.