నందిగామ వాన

వానాకాలం వచ్చిందంటే పుష్పవతికి పొద్దున్నే రెండు పనులు. ముందు వాకిలి చిమ్మి కళ్ళాపి చల్లుకోవటం, తర్వాత పడమటి గదిలోకి వెళ్ళి దూలం కింద పెట్టిన తపేలాల్లో నీళ్ళు పారబోసి మళ్ళీ పెట్టి రావటం. జగ్గయ్యపేటలో ఎండ మాడ్చేస్తున్నా సరే, ఆ గదిలో టపటపా కారుతూనే ఉండేది. ఎవరికీ వింత కాదు. పడమటి గదిలో కారేది నందిగామ వాన అని వీధిలో చిన్నపిల్లని అడిగినా చెప్పేది.

వీధివాళ్ళకి అదొక సదుపాయం కూడా. నందిగామ వైపు పొలాలున్నవాళ్ళు గుమ్మంలో నిలబడి, "పుష్పవతమ్మా, కారతందా?" అని అడిగేవాళ్ళు. కారుతోందంటే విత్తనాలు మూట కట్టుకుని బస్సెక్కేవాళ్ళు. ఆవిడ ఆ ఒక్క ముక్కా చెప్పి, నడుం పట్టుకుని లోపలికి పోయేది. వినేవాళ్ళకి అది చల్లని కబురే. ఎత్తి పోసేవాళ్ళకి కదా తెలిసేది నీళ్ళ బరువు!

ఇదంతా దూలంతో వచ్చిన తంటా. పుష్పవతి మొగుడు కృష్ణయ్య, అతని అన్న దశరథరామయ్య నందిగామలో ఒకే ఇంట్లో ఉన్నన్నాళ్ళూ బాగానే ఉన్నారు. పంపకాల్లో పొలం తెగింది, గొడ్లు తెగినై, తాతల నాటి టేకు దూలం దగ్గర మాత్రం పేచీ వచ్చింది. నాకంటే నాకన్నారు. పెద్దమనుషులు విసుగెత్తిపోయి, రంపం తెప్పించి దూలాన్ని సరిగ్గా నడిమికి కోయించారు. ఆ తీర్పు చెప్పినవాళ్ళని అనాలో, సరేనని తలూపినవాళ్ళని అనాలో తెలీదు. సగం దూలం తాటిగుంజ ఆసరాతో నందిగామ ఇంట్లోనే ఉండిపోయింది. మిగతా సగం బండెక్కి జగ్గయ్యపేట వచ్చి, కృష్ణయ్య కట్టుకున్న పెంకుటింట్లో పడమటి గదికెక్కింది.

ఆ ఏటి తొలకరి నుంచీ ఇదీ వరస. నందిగామ ఇంటి కప్పుకి చిల్లులుంటే ఆ వాన జగ్గయ్యపేటలో కారుతుంది. జగ్గయ్యపేట ఇంటి కప్పుకి చిల్లులుంటే ఆ వాన నందిగామలో కారుతుంది. ఎవరి చిల్లు వాళ్ళని తడపదు.

దశరథరామయ్య ఆ తర్వాత ఎన్నాళ్ళో బతకలేదు. పిల్లల్లేరు. ఆయన భార్య దుర్గాంబ ఒక్కతే ఆ ఇంట్లో మిగిలింది. మామూలు మనుషులైతే ఎవరి పెంకులు వాళ్ళు సర్దించుకునేవాళ్ళు, రెండిళ్ళూ ఆరేవి. కానీ కృష్ణయ్య, "నా పెంకు సర్దితే ఆరేది వదిన నట్టిల్లు, నాకేం ఒరిగింది?" అనేవాడు. అక్కడ దుర్గాంబ కూడా అదే మాట అంటోందని బస్సులో వచ్చేవాళ్ళు చెప్పేవాళ్ళు. ఏళ్ళు గడిచాయి. రెండు కప్పుల మీదా పెంకులు పగులుతూనే ఉన్నాయి.

పోయినేడు కూతురు భారతీదేవి తొలిచూలు పురుటికి వచ్చింది. పురిటిగది అంటే గాలి తగలని గది కావాలి. వసారాలో గాలి, వంటింట్లో పొగ, కొట్టులో మిరపకాయల ఘాటు. మిగిలింది పడమటి గదే. నందిగామలో ముసురు పట్టింది. మంచం ఎటు జరిపితే అటు కారింది. పసిగుడ్డుకి పడిశం పట్టి, డొక్కలెగరేసి, పురిటిస్నానం కాకముందే పోయాడు. ఆ బిడ్డని గుడ్డలో చుట్టి తీసుకెళుతుంటే జగ్గయ్యపేటలో చినుకు లేదు, ఎండ ఫెళ్ళున కాస్తోంది. పుష్పవతి ఆ ఎండని మర్చిపోలేదు.

ఇప్పుడు భారతీదేవికి మళ్ళీ నెలలు నిండుతున్నాయి.

కృష్ణయ్యకి మనసులో భయం లేకపోలేదు. ఉంది కాబట్టే ఇల్లు బాగుచేయించటానికి దిగాడు. ముక్త్యాల వైపు నుంచి సున్నపురాయి తెప్పించి గోడలకి వెల్ల వేయించాడు. మట్టినేల తవ్వించి నాపరాళ్ళు పరిపించాడు. కిటికీకి కొత్త రెక్కలు పెట్టించాడు. కప్పు జోలికి మాత్రం పోలేదు.

"కారేది గోడలు కాదండీ," అంది పుష్పవతి.

"మన పెంకులు సర్దితే మన గది ఆరిద్దా? ముందు ఆవిణ్ణి సర్దించమను."

"ఆవిడా అక్కడ అదే అనుకుంటా కూచుంది."

"కూచోనీ."

ఓపిక ఉన్నవాళ్ళు వాదిస్తారు. పుష్పవతికి వాదించే ఓపిక ఎప్పుడో అయిపోయింది. పని చేసే ఓపిక కాస్త మిగిలింది.

కృష్ణయ్య మిరపకాయల బేరానికి కంచికచర్ల వెళ్ళిన రోజున ఆవిడ పెంకులు నేసే జ్ఞానయ్యకి కబురంపింది. అతను మోకాళ్ళు రుద్దుకుంటూ వచ్చి, కప్పు చూసి నిట్టూర్చాడు. ఏ ఇంట్లో అయినా కారే చోటు చూసి చిల్లు పట్టుకుంటారు. ఈ ఇంట్లో నీళ్ళు పోస్తే నందిగామలో కారుతుంది. అక్కడ చూసొచ్చి చెప్పేదెవరు?

"ఎండ కారుతుందిగా," అంది పుష్పవతి.

గది తలుపులూ కిటికీలూ మూయించింది. చీకట్లో కప్పు నిండా సన్నసన్నటి వెలుగు చుక్కలు కనిపించాయి. ఇన్నాళ్ళూ దుర్గాంబ మీద పంతంతో పెంచిన చిల్లులన్నీ ఒక్కసారి కంటబడేసరికి ఆవిడకి సిగ్గేసింది. నిచ్చెనెక్కి, కనిపించిన ప్రతి చిల్లులోంచీ ఒక చీపురుపుల్ల పైకి పొడిచింది. పైన జ్ఞానయ్య పుల్ల లేచిన చోటల్లా పగిలిన పెంకు తీసి కొత్తది దోపాడు. కొప్పు మీద బోర్లించిన పెంకుల కింద సున్నం రాలిపోతే బెల్లం నీళ్ళతో కలిపిన సున్నం పెట్టాడు. కొట్టు, వసారా, వంటిల్లు, ఏదీ వదల్లేదు. దిగేసరికి అతని మోకాళ్ళు పట్టేశాయి. పుష్పవతికి చేతులు పైకి లేవటం లేదు.

"అమ్మా, ఇంత చేసినా మీ గదిలో చుక్క తగ్గదండి," అన్నాడు జ్ఞానయ్య, మజ్జిగ తాగుతూ. ఆవిడ తెలుసన్నట్టు తలూపింది.

సాయంత్రం కృష్ణయ్య బస్సు దిగి వస్తూ వీధి మొదట్లోనే ఆగిపోయాడు. నల్లబడిన కప్పు మీద కొత్త పెంకులు ఎర్రగా కనబడుతున్నాయి.

"ఎవరింటికోసం సర్దించావే?"

"భారతికోసం."

"ఆరేది నందిగామలో."

"ఆరనీండి. ఎక్కడో ఒకచోట ఆరనీండి."

అతను ఆ పూట అన్నం తినలేదు. ఈవిడా బతిమాలలేదు.

ఆ వారంలోనే నందిగామలో వాన పడింది. గదిలో ఎప్పటిలాగే కారింది. "చూశావా?" అన్నాడు కృష్ణయ్య. పుష్పవతి తపేలా జరిపి పెట్టింది. జగ్గయ్యపేటలో వాన పడితే కదా అక్కడ దుర్గాంబకి తెలిసేది! ఆ ఏడు పేటలో మబ్బులు వస్తున్నాయి, పోతున్నాయి. వానంటేనే విసుగెత్తిన మనిషి ఇప్పుడు వాకిట్లో నిలబడి ఆకాశం వంక చూడటం మొదలుపెట్టింది. వీధివాళ్ళు ఆవిడకి కాస్త మతి చెదిరిందనుకున్నారు.

చివరికి ఒక రోజు పొద్దున్నుంచీ పేట మీద కుండపోత. ఆ రోజే భారతీదేవికి నొప్పులు మొదలయ్యాయి. మంత్రసాని లూర్దమ్మ మోకాలి లోతు నీళ్ళలో నడిచి వచ్చింది. నందిగామ నుంచి వచ్చిన బస్సు మీద దుమ్ము అట్లాగే ఉంది, అక్కడ చినుకు లేదట. దీపాల వేళకి ఆడపిల్ల పుట్టింది. పొడి గదిలో, పొడి గుడ్డల్లో. కానీ అది ఆ ఒక్క రోజు మాటే. నందిగామలో మబ్బు కమ్మితే ఏం గతి? పుష్పవతి బాలింతకి కారం పెడుతున్నా, పిల్లకి నీళ్ళు పోస్తున్నా, చూపు మాత్రం దూలం మీదే.

పురిటిస్నానం ఇంకా కాలేదు. ఒక మధ్యాహ్నం నందిగామ బస్సు నీళ్ళు ఓడుతూ వచ్చి ఆగింది. కండక్టరు ఖాకీ చొక్కా విప్పి పిండుకుంటున్నాడని ఎవరో అరుచుకుంటూ వచ్చారు. పుష్పవతి తపేలా పట్టుకుని గదిలోకి పరిగెత్తింది. తల్లీ పిల్లా నిద్రపోతున్నారు. మంచం జరపటానికి లేదు. తపేలాని రెండు చేతులతో పైకెత్తి, పిల్ల మీదుగా పట్టుకుని నిలబడింది. పోయినేడూ ఇట్లాగే పట్టుకుంది. ఎంతసేపని పట్టుకుంటుంది మనిషి?

కృష్ణయ్య గుమ్మంలో నిలబడి కాసేపు చూశాడు. తర్వాత లోపలికొచ్చి తపేలా అంచు రెండో వైపు పట్టుకున్నాడు. ఇద్దరూ తలలెత్తి దూలం వంక చూస్తూ ఉండిపోయారు. భుజాలు లాగేశాయి. ఎంతసేపటికీ చుక్క పడలేదు. అతను తపేలా కిందికి దించి, లోపల అరచేత్తో తడిమాడు.

"పొడిగా ఉందే," అన్నాడు.

పుష్పవతి నాపరాళ్ళ మీద కూలబడి ఏడ్చింది. పోయినేటి పిల్లాడికోసం అప్పుడు ఏడవటానికి ఆవిడకి తీరికే దొరకలేదు.

గుమ్మం బయట పక్కింటి రత్తయ్య విత్తనాల మూటతో నిలబడి ఉన్నాడు. "పుష్పవతమ్మా, కారతందా?" అని అడిగాడు. లేదంది. "అయితే అక్కడ వాన లేదన్నమాట," అంటూ మూట విప్పుకుని వెళ్ళిపోయాడు.

బారసాల నాడు దుర్గాంబ వచ్చింది. రమ్మని ఎవరూ పిలవలేదు. కృష్ణయ్య వదినని చూసి లేచి నిలబడ్డాడు, చెంబుతో నీళ్ళు తనే తెచ్చి ఇచ్చాడు. ఆవిడ కాళ్ళు కడుక్కుని నేరుగా పడమటి గదిలోకి వెళ్ళి తలెత్తి సగం దూలాన్ని చూసింది. పుష్పవతి ఆవిడ చేతులు చూసింది. వేళ్ళ నిండా గీతలు, గోళ్ళ సందుల్లో సున్నం.

"నువ్వే ఎక్కావా అక్కయ్యా?"

"వానాకాలం పనుల్లో ఎవరొస్తారు? ఆ రోజు పేటలో కుండపోతని బస్సువాళ్ళు చెప్పారు. తపేలాలు పెట్టుకుని కూచున్నా. పొద్దుగూకిందాకా చుక్క పడలా. నట్టింట్లో పొడిగా కూచోటం నాకు చేత కాలేదమ్మా. తెల్లారి నిచ్చెన వేయించా." ఆవిడ మంచం మీద పిల్ల వంక చూసింది. దగ్గరికి మాత్రం పోలేదు. "పోయినేడు ఎక్కాల్సింది."

"పోయినేడు మేమూ ఎక్కలేదు," అంది పుష్పవతి.

ఇంకేం మిగిలింది అనుకోటానికి? పుష్పవతి పిల్లని తీసి ఆ సున్నం అంటిన చేతుల్లో పెట్టింది. బయట వాన మొదలైంది. కొత్త పెంకుల మీద గలగలా కురిసి, చూరు వెంట వాకిట్లోకి జారిపోయింది. ఆ వాన ఎవరింట్లోనూ కారలేదు.