ఎమిల్ బూటు

నెబ్రాస్కా మొక్కజొన్న చేల మధ్య ఉన్న టర్టిల్ క్రీక్ కాలేజీకి 1954లో పట్టిన అదృష్టం అంతకుముందెన్నడూ పట్టలేదు, ఆ తర్వాతా పట్టలేదు. సెప్టెంబరు ఎండల్లో అమెరికా తరహా ఫుట్‌బాల్ సీజన్ మొదలుపెట్టిన కుర్రాళ్ళు ఒక్క ఆట కూడా ఓడకుండా నవంబరు చలిదాకా వచ్చేశారు. మంగలి షాపులో వాళ్ళ మాటే, చర్చి మెట్ల మీదా వాళ్ళ మాటే. అందులోనూ కెప్టెన్ వెండెల్ క్రాట్ గురించి. బంతి చంకన ఇరికించుకుని అతను పరుగందుకుంటే ఎదుటి జట్టు దిక్కులు చూసేది. ఊరంతా నెత్తిన పెట్టుకుంటే కాస్త తల తిరగకుండా ఎలా ఉంటుంది? తిరిగింది.

అతని గదిలోనే ఉండే ఎమిల్ జెలింకా మాట మాత్రం ఎవరూ ఎత్తేవారు కాదు. కాలేజీలో చేరినప్పటి నుంచీ జట్టులో ఉన్నాడు గానీ ఒక్క ఆటలోనూ కాలు పెట్టలేదు. వారమంతా ప్రాక్టీసులో ఎదుటి జట్టు వేషం కట్టి వెండెల్ చేత కుమ్మించుకోవడం, శనివారం దుప్పటి కప్పుకుని బెంచీ మీద కూర్చోవడం, ఇదీ అతని ఆట.

"బెంచీకి కెప్టెన్‌వి రా నువ్వు," అని ఏడిపించేవాడు వెండెల్.

"అవును మరి. నా బెంచీ నీకంటే ముందు నుంచీ ఓడలేదు," అనేవాడు ఎమిల్.

ఆఖరి ఆట నాన్నల రోజున పడింది. ఆ రోజు ఆటగాళ్ళ తండ్రులు కొడుకు నంబరు వీపు మీద పిన్నులతో తగిలించుకుని, మైదానం పక్కనే వరసగా కుర్చీల్లో కూర్చుంటారు. కోచ్ బర్డెట్ ఎమిల్‌ని పిలిచి, "మనం బాగా ముందుంటే ఆఖరిదైన నాలుగో భాగంలో నిన్ను దింపుతా. మీ నాన్నని రమ్మని చెప్పు," అన్నాడు.

ఎమిల్ తండ్రి జెలింకా చెప్పులు, గుర్రపు జీనులు కుట్టేవాడు. రైతులు ఊళ్ళోకి వచ్చే శనివారం నాడు కొట్టు మూయడమన్నది ఆయన పెళ్ళినాడు తప్ప ఎరగడు. ఈసారి మూశాడు. ముందుగానే కొడుకు బూట్లు తెప్పించుకుని, అడుగున కొత్త తోలు వేసి, మైనం పట్టించిన దారంతో తన చేత్తో కుట్టి పంపాడు.

ఆ శనివారం వాన పడి వెలిసింది. మైదానం బురద బురద. వెండెల్ తండ్రి ట్రాక్టర్ల వ్యాపారి. ఆయన పక్క కుర్చీలో, ఒడిలో బుట్ట పెట్టుకుని జెలింకా కూర్చున్నాడు. వచ్చేపోయేవాళ్ళంతా క్రాట్ గారి వీపు మీది నంబరును చరిచి అభినందిస్తున్నారు. జెలింకా వీపు మీది నంబరును చూసి, అది ఎవరిదో చెప్పుకోలేక తలలు గోక్కున్నారు.

మూడో భాగం మధ్యలో వెండెల్ కుడి బూటు అడుగు నోరు తెరిచింది. అంత పెద్ద పాదం జట్టులో ఇంకొక్కడికే ఉంది. ఎవరూ అడగకముందే ఎమిల్ తన బూటు విప్పి అందించాడు.

"కానీ రా. నా వంతుకి తెచ్చెయ్," అన్నాడు.

"నీ వంతు ఎక్కడికి పోతుందిరా? తెస్తాగా," అన్నాడు వెండెల్. ఆ మాట అన్నప్పుడు అతను మనస్ఫూర్తిగానే అన్నాడు.

ఆఖరి భాగం మొదలయ్యేసరికి ఆట వాళ్ళ చేతిలోకి వచ్చేసింది. ఇక ఓడదామన్నా ఓడరు. కాకపోతే ఇంకొక్కసారి బంతితో మైదానం చివరి గీత దాటితే, వాళ్ళ లీగులో ఒక సీజన్‌కి ఎవరూ చేయనన్ని స్కోర్ల రికార్డు వెండెల్ పేరున నిలిచిపోతుంది. ఆ రోజుల నిబంధన ఒకటుంది: బయటికొచ్చినవాడు ఆ భాగంలో మళ్ళీ లోపలికి పోకూడదు. బూటు ఇవ్వడానికి వస్తే ఆ రికార్డు అక్కడితో సరి.

వెండెల్ బెంచీ వైపు చూశాడు. ఎమిల్ దుప్పటి తీసేసి, చినిగిన బూటును పాదానికి బిగించి పట్టీలు చుట్టుకుంటున్నాడు. చుడుతుంటే మళ్ళీ ఊడిపోతోంది. కోచ్ ఎమిల్ భుజం మీద ఒక చెయ్యి వేసి, రెండో చెయ్యి ఎత్తి వెండెల్‌ని రమ్మని ఊపాడు.

వెండెల్ చూశాడు. స్పష్టంగా చూశాడు. చూసి, చటుక్కున కిందికి వంగి బూటు తాడు బిగించుకోవడం మొదలుపెట్టాడు. గట్టిగా ఉన్న ముడినే విప్పి మళ్ళీ వేశాడు. తల ఎత్తేసరికి జట్టు వరస కట్టేసింది, బంతి చేతికొచ్చేసింది. ఇంకొక్క పరుగు, ఆ వెంటనే వెళ్ళిపోదాం అనుకున్నాడు. ఆ పరుగులో పడేశారు. ఇంకొక్కటి అనుకున్నాడు. మళ్ళీ కోచ్ వైపు చూడలేదు. చివరికి గీత దాటాడు. స్టాండ్లు లేచి అరిచాయి. ఆ కేకల్లోనే గంట మోగి ఆట ముగిసింది.

ఎంత సంతోషించాలో అంతా సంతోషించడానికి సిద్ధమయ్యాడు పాపం. సంతోషం రాలేదు. భుజాల మీదికి ఎత్తుకున్నవాళ్ళని బతిమాలి దిగిపోయాడు.

జెలింకా బుట్ట పట్టుకుని బురదలో ఎదురొచ్చాడు.

"చూశానయ్యా! దూరం నుంచే పోల్చుకున్నా, అది నేను కుట్టిన బూటేనని. మావాడి బూటు గీత దాటింది! కుట్టు ఒక్కటి కూడా ఊడలేదు, చూశావా?"

"ఊడలేదండీ," అన్నాడు వెండెల్.

"తిను నాయనా, ఇందాక బాగా అలిసిపోయావు," అంటూ గసగసాల కొలాచీ రొట్టె ఒకటి తీసి చేతిలో పెట్టాడు. అది ఎమిల్ ఆడి వచ్చాక తింటాడని చేయించి తెచ్చిందని వెండెల్‌కి తెలుసు. నోట్లో పెట్టుకోలేకపోయాడు.

ఎమిల్ కుంటుకుంటూ వచ్చాడు. మేజోడంతా బురద. వెండెల్ తన కాలి నుంచి ఆ బూటు విప్పి ఇచ్చి, గీత దాటించిన బంతిని కూడా చేతిలో పెట్టబోయాడు. ఎమిల్ బూటు మాత్రం తీసుకున్నాడు.

"ఒరేయ్, ఒక్కటి అడుగుతా. కోచ్ చెయ్యి ఊపాడు. నువ్వు చూడలేదు కదా?"

అప్పుడైనా చెప్పి ఉండాల్సింది. తిట్టించుకుని, తన్నించుకుని అయినా చెప్పి ఉండాల్సింది.

"లేదురా, చూడలేదు," అన్నాడు వెండెల్.

ఎమిల్ ముఖం తేటపడింది. తండ్రి వైపు తిరిగాడు.

"చెప్పాను కదా నాన్నా? వాడు చూసి ఉంటే వచ్చేసేవాడు."

తండ్రీకొడుకులు గేటు వైపు నడిచారు. నంబరు తీసెయ్యమని ఎమిల్ అంటే, ఉండనీరా ఇంటిదాకా, అంటున్నాడు ముసలాయన. రొట్టె చేతిలో పట్టుకుని, ఒంటి బూటుతో, వెండెల్ ఆ వీపును చూస్తూ నిలబడ్డాడు.