చెక్క జలాంతర్గామి

నౌకాదళం కోసం అణుశక్తితో నడిచే జలాంతర్గామిని దేశం తొలిసారి కట్టబూనినప్పుడు ముందు రప్పించింది వడ్రంగులనే. ఉక్కు కోయకముందే లోపలి గదులన్నీ అసలు కొలతల్లో చెక్కతో కట్టి చూసుకోవాలి. ఆ చెక్క నమూనా కట్టే షెడ్డులో నలభై మంది వడ్రంగుల మీద ఒక మేస్త్రి ఉండేవాడు. చేసే పని ఇంట్లో చెప్పకూడదు. ఇనుప ఓడల దగ్గర వడ్రంగికేం పని, కుర్చీలు చేస్తున్నారా అని భార్య ఆటపట్టిస్తే అవునని తలూపేవాడు.

మూడో ఏట రియాక్టరు పక్క గది పూర్తయింది. గొట్టాలకు బదులు గుండ్రటి కర్రలు, వాల్వులకు బదులు చెక్క చక్రాలు. ఆవిరి గొట్టం పగిలితే చేత్తో మూయాల్సిన వాల్వు ఒకటి మూలన ఉంది. మేస్త్రి చెయ్యి పెట్టి చూశాడు. చక్రం సగం తిరిగేసరికి మోచెయ్యి పక్క గొట్టానికి కొట్టుకుంది.

ఆ గది గీసిన ఇంజనీరు అతని కూతురి ఈడు అమ్మాయి. కాగితం మీద ఖాళీ సరిపోయిందంటూ తానే లోపలికి దూరి, చక్రం గిరగిరా తిప్పి చూపించింది.

“మీరు సన్నగా ఉన్నారమ్మా. పైగా ఆవిరి గొట్టం పగిలినప్పుడు ఎవరూ ఉత్త చొక్కాతో లోపలికి రారు కదా. ఒళ్లు కాలకుండా వేసుకునే మందపాటి దుస్తులు, ముసుగు వేసుకుని ఒక్కసారి తిప్పండి,” అన్నాడు మేస్త్రి.

వేసుకుంది. భుజాలు ఇరుక్కుపోయాయి. ఇద్దరు పట్టి లాగితే గానీ బయటికి రాలేదు. ముసుగు తీసి, తిన్నగా ఈ పనంతా నడిపించే పెద్దసారు గదికి నడిచింది.

ఆయన ససేమిరా అన్నాడు. ఆ వాల్వు ఒక్కటి కదిపితే పద్నాలుగు గొట్టాల దారి మారుతుంది, ఉక్కు కోత ఆరు నెలలు వెనక్కి పోతుంది. బక్కపలచని నావికులను ఎంచుకుంటే పోలా అని కూడా అన్నాడు. ఆమె అక్కణ్ణించి కదల్లేదు. చివరికి మూడు వారాల గడువు దక్కింది.

ఆమె డ్రాయింగు బల్లను షెడ్డులోకే తెచ్చుకుంది. మేస్త్రి చెక్కలో పెట్టి చూపిస్తే ఆమె కొలిచి గీసేది. ఒకసారి దీపం అడ్డొచ్చింది. దాన్ని తప్పిస్తే నిచ్చెన ఎక్కేవాడి తల తగిలింది. ఆరోసారి విప్పేటప్పుడు ఆమె పెన్సిలు విసిరికొట్టి, ఇక తన వల్ల కాదంది. మేస్త్రి దాన్ని ఏరి తెచ్చి, మొన చెక్కి, చేతికిచ్చాడు.

“చెక్క కాబట్టి ఆరుసార్లు విప్పాం. ఉక్కులో బిగించాక విప్పలేం కదమ్మా. ఏడోది మొదలెడదాం.”

ఏడోదీ కుదరలేదు. గొట్టాలతో కుస్తీ మాని, చక్రం కాడనే పొడిగించి నడవలోకి తెస్తే ఎలా ఉంటుందని అప్పుడు ఆమెకు తట్టింది. మూడు గొట్టాలు జరిపితే చాలింది.

పెద్దసారు భారీ మనిషి. ఆ దుస్తులు స్వయంగా తొడుక్కుని, చెమటలు కక్కుతూ, ఇరవై సెకన్లలో వాల్వు మూసేశాడు. ఒక చేతి తొడుగు మాత్రం విప్పి అక్కడే సంతకం పెట్టాడు. ఉక్కు కోత తొమ్మిది వారాలు ఆలస్యమైంది.

ఆరేళ్ల తర్వాత జలాంతర్గామి మొదటిసారి లోతుకు మునిగింది. సాయంత్రం రేవు నుంచి ఆమె ఫోను చేసింది.

“అందరూ క్షేమంగా పైకొచ్చారు, మేస్త్రిగారూ.”

అతను ఫోను పక్కన పెట్టాడు. షెడ్డులో అందరికీ కేకేసి చెప్పాడు.

“సంతోషం తల్లీ,” అన్నాడు మళ్లీ ఫోనులో. “రెండో జలాంతర్గామి డ్రాయింగుల్లో ఒకచోట కొలత కలవడం లేదు. రేపు ఓసారి వస్తారా?”