నక్షత్రం మారేలోపు

నందిగామ ఆసుపత్రిలో నొప్పులు పడుతున్న కోడలు సాయిప్రియకి నర్సు యాంటీబయాటిక్ ఎక్కించబోతుంటే ఆండాళమ్మ అడ్డం పడింది.

"జ్వరమన్నా లేని పిల్లకి మందెందుకమ్మా?"

"బిడ్డ కోసమండి. పరీక్షలో ఒక క్రిమి కనపడింది. తల్లినేం చెయ్యదు గానీ, కాన్పులో బిడ్డకి సోకితే పాలు తాగదు, ఒళ్లు చల్లబడిపోద్ది. మందు పడ్డాక నాలుగు గంటలు ఆగి పుడితే భయం తగ్గిద్ది."

ఆండాళమ్మ పక్కకి తప్పుకుంటే నర్సు మందు ఎక్కించింది. ఆమె తొలిచూలు బిడ్డ మూడోరోజున అచ్చం అలాగే పోయాడు. పాడు నక్షత్రంలో కన్నావని అత్తగారు అంటే, ముప్ఫై ఏళ్లుగా నిజమేననుకుంది.

అంతలో జగ్గయ్యపేటలోని కొట్టు నుంచి భర్త ఫోన్ చేశాడు.

"ఇంకో గంటలో నక్షత్రం మారిపోద్దంట. ఈలోపే ఆపరేషన్ చేసి బిడ్డని తియ్యమను!"

"మందు పనిచెయ్యాలండి," అంది ఆండాళమ్మ. "ఈసారి నక్షత్రాన్నే ఆగమనండి."