గొడుగు ఉడికిందా

సెల్‌ఫోన్లు బాగుచేసే అతనికి ఒక అలవాటు. స్పీకరు మార్చాక అది పలుకుతుందో లేదో చూడ్డానికి తన భార్య గొంతు పెట్టి వింటాడు. ఆమె బస్టాండులో మైకు ముందు కూర్చుని బస్సుల రాకపోకలు చెప్పే మనిషి. తేనెలాంటి గొంతు. పగలంతా ఊళ్ల పేర్లు పలికి పలికి అలిసిపోయి, ఒక సాయంత్రం పాపను ఒళ్లో వేసుకుని కునికిపాట్లు పడుతూ అంది: "గొడుగు ఉడికిందా? గడియారం వార్చనా?"

అతను పడీపడీ నవ్వి, మళ్లీ అనిపించి రికార్డు చేసుకున్నాడు. మర్నాటి నుంచి కొట్లో స్పీకరు పరీక్షకి అదే.

"అన్నా, అది నాకూ పంపవా," అన్నాడు ఫోను తీసుకెళ్లడానికి వచ్చినవాడు.

వారం తిరక్కుండా ఊరంతా అదే మాట. అర్థం అడిగినవాడు వెర్రివాడు. కూరల బండివాడు అన్నా, బ్యాంకు మేనేజరు అన్నా, ఆ ముక్క మాత్రం ఆమె గొంతుతోనే వచ్చేది. దానికెవరూ ఆశ్చర్యపోలేదు. ఈ కథ చెప్పేవాడి గొంతు కప్పలకు కూడా నచ్చదు కనుక, వాడైతే పనిగట్టుకుని అద్దం ముందు నిలబడి మరీ అనేవాడు.

జనం అన్నకొద్దీ ఆమె గొంతు అరిగింది. ముందు ఊళ్ల పేర్ల చివరి అక్షరాలు పోయాయి. తర్వాత జోలపాటలో గాలి మాత్రం మిగిలింది. పాప నిద్ర మానేసింది.

"దాన్ని తీసెయ్యండి," అంది ఆమె గుసగుసగా.

"నా ఫోన్లోంచి తీసేశానే. జనం నోట్లోంచి ఎలా తియ్యను?"

"వీడు చిన్నప్పట్నుంచీ అంతే, ఇంట్లోది వీధిలో పంచితేగాని తోచదు," అంది అత్తగారు, కోడలికి వేడినీళ్లు అందిస్తూ. "ఉన్న కాస్తా దాచుకో తల్లీ. పాప 'అమ్మా' అంటే 'ఊఁ' అనడానికైనా ఉండాలి."

ఆమె నోరు కట్టేసుకుంది. బస్టాండులో వేరే మనిషిని పెట్టుకున్నారు. పాప ఏడిస్తే అతను ఎత్తుకుని వీధిలోకి వెళ్లేవాడు. ఎవరో ఒకరు ఆ మాట అనేవారు. అమ్మ గొంతు వినగానే పాప కళ్లు మూసేది.

ఒక మధ్యాహ్నం పాప గోడ పట్టుకుని లేచి, 'అమ్మా' అనబోతున్నట్టు పెదాలు కలిపింది. ఆమె దాచుకున్న ఆ ఒక్క "ఊఁ"ని నాలుక చివర పెట్టుకుని, ఎదురుగా మోకాళ్లమీద కూర్చుంది.

పాప ఆమె కళ్లలోకి చూసి, ఆమె గొంతుతోనే నిదానంగా అడిగింది: "గొడుగు ఉడికిందా?"

భోజనానికి ఇంటికొచ్చిన అతని చెయ్యి అలవాటుగా జేబులోని ఫోను మీదకి పోయింది.

ఆమె పెదాలు కదిపింది. నాలుక చివర ఏమీ లేదు.

"ఊఁ," అంది పాప.